చెరిపిన చేతిపని

పుస్తకం వెనక్కివ్వడానికి వచ్చినవాళ్ళు బల్ల మీద పడేసి వెళ్ళిపోతారు. అర్జియా అలా చెయ్యలేదు. కూరల సంచి కింద పెట్టి, చేతులు కోటుకి తుడుచుకుని, పుస్తకాన్ని తాపీగా తెరిచింది. గుర్తు కోసం పేజీల మధ్య ఒక ఉల్లికాడ పెట్టుకుంది. ఆ పేజీ మీద వేలు ఆనించి పుస్తకాన్ని, సాయంత్రాలు గ్రంథాలయం బల్ల దగ్గర కూర్చునే లొరెదానా వైపు తిప్పింది.

"ఇది చదువు. పైకి చదువు. కళ్ళజోడు ఉందిగా నీకు."

లొరెదానాకి నవ్వొచ్చింది. యాభై ఏడేళ్ళొచ్చినా అర్జియా ముందు తను బడిపిల్లే. వాళ్ళ రెండిళ్ళకీ మధ్య ఒక పిట్టగోడే అడ్డం. లొరెదానా తల్లి బతికున్నన్నాళ్ళూ ఆ గోడ మీద మోచేతులు ఆనించుకుని ఆ ఇద్దరాడవాళ్ళూ చెప్పుకున్న కబుర్లు పోగేస్తే ఈ గ్రంథాలయం చాలదు. అందుకే ఇంత పెద్ద పుస్తకం రాసిన చరిత్రకారిణి కూడా మారుమాటాడకుండా గొంతు సవరించుకుని చదివింది.

"'యుద్ధం మా కొండలు దాటి వెళ్ళిన రోజుల్లో, ఆగ్రహించిన గుంపు ఒకటి ముఖద్వారం పైనున్న శాసనాన్ని ధ్వంసం చేసింది. ఈ విధ్వంసంతో భవనం తన అర్థాన్ని కోల్పోయింది.'"

"గుంపు," అంది అర్జియా. "ఎవరే ఆ గుంపు?"

"తెలీదు పిన్నీ. పేర్లెక్కడా దొరకలేదు."

"పేర్లు తెలీనప్పుడు గుంపని ఎలా తెలిసింది నీకు?"

లొరెదానా ఆ వాక్యాన్ని మళ్ళీ చూసుకుంది. నిజానికి తెలీదు. చెక్కేసిన గోడ, యుద్ధం ఊరు దాటిన ఏడాది, రెండూ పక్కపక్కన పెడితే కోపంతో ఊగిపోయే గుంపు దానంతటదే వచ్చి వాక్యంలో నిలబడింది. చదువుకున్నవాళ్ళకి ఇలాంటి గుంపులు చాలా తేలిగ్గా దొరుకుతాయి.

అర్జియా ఉల్లికాడ తీసి సంచిలో వేసుకుంది. "ఎనభై దాటినదాన్ని. రెండు నెలలు పట్టింది నీ పుస్తకం చదవడానికి. బాగానే రాశావు. ఆ ఒక్క ముక్క తప్ప," అని చెప్పి, సంచి ఎత్తుకుని, వెనక్కి తిరిగి చూడకుండా వెళ్ళిపోయింది.

లొరెదానా కిటికీలోంచి చూసింది. మామూలుగా ఆ ముసలావిడ చౌరస్తాకి అడ్డంపడి నడుస్తుంది. ఇవాళ గోడ వెంబడే, తలెత్తకుండా నడిచింది. తల ఎత్తితే కనిపించేది పరంజా. పియెవెలూంగా ఊరి పెద్ద భవనం ముఖమంతా ఇనప గొట్టాలు, పచ్చ వల కప్పుకుని ఉంది.

ఆ భవనంలో ఇప్పుడు కింద గ్రంథాలయం, పైన పురపాలక కార్యాలయం. కట్టినప్పుడు మాత్రం అది పార్టీ ఇల్లు, నల్లచొక్కాల ఫాసిస్టులది. ఊళ్ళో పెద్దవాళ్ళు ఇంకా ఆ పేరుతోనే పిలుస్తారు. దాని బురుజు చర్చి గంటల గోపురం కన్నా ఒక మనిషి ఎత్తు ఎక్కువ ఉండి తీరాలని పైనుంచి హుకుం వచ్చింది, అలాగే కట్టారు. మెట్లు మామూలు మెట్ల కన్నా ఎత్తు. ఎక్కేవాడు ఆయాసపడాలి. తలుపు గుర్రం మీద కూర్చుని లోపలికి పోయేటంత పెద్దది, ఊళ్ళో ఎవరికీ గుర్రం లేకపోయినా. తలుపు మీద మూడు రాతి పలకలు, వాటి మీద లోతుగా చెక్కిన మూడు మాటలు: నమ్ము, లోబడు, పోరాడు. రోమ్‌లో కూర్చున్న నాయకుడు దేశంలో ప్రతి గోడకీ నేర్పించిన మూడు మాటలే అవి.

ఒక రైతు భూమి కాయితం కోసం వచ్చి ఆ గుమ్మం ముందు నిలబడితే, ఎవరూ చెప్పకుండానే టోపీ తీసి చేత్తో పట్టుకునేవాడు. అది రాయి చేసిన పని, మనిషి చేసింది కాదు. ఆ పని రాయి ఎలా చేసిందన్నదే లొరెదానా పుస్తకం. హైస్కూల్లో పాఠాలు చెప్పుకుంటూ, సెలవులన్నీ దీనికే తగలేసి రాసింది. అందులోనే చివర ఒక సలహా ఇచ్చింది. చెరిపేసిన మాటల్ని మళ్ళీ చెక్కించాలి, పక్కన వివరం రాయించాలి. కనిపిస్తేనే పిల్లలకి అర్థమవుతుంది, దాచేస్తే కాదు అని. మంచి ఉద్దేశంతోనే రాసింది. అయితే మేయర్ రానియేరి ఆ సలహాని పట్టుకుని దాన్నే అధికారిక అభిప్రాయంగా మళ్ళీ రాయించి, ఆమె చేత సంతకం పెట్టించి, చకచకా పరంజా వేయించేసినప్పుడు ఆమెకి లోపలెక్కడో కొంచెం గుచ్చుకుంది. రానియేరి తాత ఆ రోజుల్లో ఈ ఊరి పార్టీ కార్యదర్శి. ఆ సంగతి ఎవరూ రానియేరి మొహం మీద అనరు, ఊళ్ళో తెలియనివాళ్ళూ లేరు.

మర్నాడు పొద్దున్నే లొరెదానా బార్‌లో కాఫీ తాగుతుంటే రానియేరి వచ్చి పక్కన నిలబడ్డాడు. ఇద్దరూ చిన్నప్పుడు ఒకే తరగతి, ఒకే బల్ల.

"ఏంటి మహాతల్లీ, మొహం అలా పెట్టావ్? గురువారం సభలో నీ అభిప్రాయం చదివేస్తాం, చేతులెత్తి ఓటేస్తాం, శుక్రవారం కొత్త పలకలొచ్చేస్తాయి. స్పర్తాకో ముసలాయన ఎలాగూ అరుస్తాడు. అరవనీ. ఆయనకి అరవడం ఆరోగ్యం."

"గుంపు అని రాశాను రానియేరి. ఏ ఆధారంతో రాశానో నాకే తెలీదు."

"దాందేముంది! ఎవడో పగలగొట్టాడు. పగిలింది బాగుచేస్తున్నాం." అతను చక్కెర కలుపుకుంటూ గొంతు తగ్గించాడు. "పై అంతస్తులో రెండు గదులు మ్యూజియానికి ఖాళీ చేయిస్తున్నా. దానికి నువ్వే పెద్ద. బడిగంటల నుంచి విముక్తి. నీ పుస్తకంలోది ఒక్క వాక్యం పట్టుకుని ఇప్పుడు పీకులాడకు."

ఆ రెండు గదులు ఆమె ఎన్నోసార్లు ఊహించుకున్నవే. ఏ గోడకి ఏ ఫొటో పెట్టాలో కూడా అనుకుని ఉంచింది. ఆశ ఉంది. ఆశ లేదని ఎవరికైనా చెబితే అబద్ధం.

బార్‌లోంచి బడికి వెళ్ళాల్సిన మనిషి పరంజా దగ్గరికి వెళ్ళింది. పని చేయిస్తున్న ఇలేనియా ఆమెకి ఒక టోపీ అందించి, "కిందికి చూడకండి టీచరమ్మా, చేతులు మాత్రం వదలకండి," అంది. లొరెదానాకి ఎత్తంటే భయం. పన్నెండేళ్ళు ఈ గోడ గురించి రాసింది కానీ, చౌరస్తాలో నిలబడే రాసింది. కెమెరాకి పొడుగాటి గొట్టం తగిలించుకుని. పరంజా మూడో అంతస్తు చెక్కల మీదికి చేరి, మొదటి పలక ముందు నిలబడి, చెయ్యి చాచి రాతిని ముట్టుకుంది.

చల్లగా, గరుగ్గా ఉంది. కింద నుంచి చూస్తే ఛిన్నాభిన్నం చేసినట్టుండే ఆ గరుకు, దగ్గర్నుంచి చూస్తే అలా లేదు. పళ్ళున్న సుత్తితో కొట్టిన చుక్కలు, వరసలు వరసలుగా, అన్నీ ఒకే వాలుగా ఉన్నాయి. ఆమె అరచెయ్యి జరుపుతూ పోయింది. పలక అంచుకి రాగానే వేళ్ళు ఆగాయి. అంచు చుట్టూ రెండు వేళ్ళ వెడల్పున నున్నటి పట్టీ ఉంది. సన్న ఉలితో, తాడు పట్టి గీసినంత నిటారుగా దిద్దిన పట్టీ. మూలల్లో రెండు పట్టీలు కలిసే చోట కూడా ఎక్కడా జారలేదు.

లొరెదానా అక్కడే చెక్కల మీద కూర్చుండిపోయింది.

కోపంతో వచ్చినవాడు అక్షరాన్ని కొడతాడు. మొత్తం పలకనెందుకు కొడతాడు? లోతుగా చెక్కిన అక్షరం పోవాలంటే ఒక్కటే దారి. అక్షరం లోతెంతో, పలక మొత్తాన్ని అంత లోతుకి దించాలి. ఇది చేసినవాడు అదే చేశాడు. అడుగున్న గీతలు మాత్రం ఇంకాస్త లోతుండి, పూర్తిగా పోలేదు. వాన పడ్డ రోజున రాయి తడిసి ఆ మూడు మాటలూ మసగ్గా కనిపించేది అందుకే. మూడు పలకలూ అలాగే దించాడు, చుట్టూ అంచు దిద్దాడు. ఇది ఒక రాత్రి పని కాదు, గుంపు పని అసలే కాదు. వారాల తరబడి ఇలాగే పరంజా కట్టుకుని, ఊరంతా చూస్తుండగా ఒక్క మనిషి చేసిన పని.

"ఏమైంది, కళ్ళు తిరుగుతున్నాయా?" అంది ఇలేనియా.

"లేదు. నేను పప్పులో కాలేశాను," అంది లొరెదానా. "ఇది పగలగొట్టింది కాదు ఇలేనియా. ఇది పని."

అలా అంటూంటే ఆమెకి ముందు సిగ్గేసింది. ఆ వెంటనే, దాచుకోవడం ఎందుకు, ఒళ్ళు పులకరించింది కూడా. ఏళ్ళ తరబడి వెతికేవాళ్ళకి ఏదైనా దొరికితే తప్పు తమదైనా సంతోషం ఆగదు. తన పుస్తకంలో హుకుం ఇచ్చినవాళ్ళందరూ ఉన్నారు. గీసిన ఇంజనీరు, ఒప్పుకున్న మంత్రి, రిబ్బను కత్తిరించిన కార్యదర్శి. రాతిని ముట్టుకున్నవాడి పేరు ఒక్కచోట, ఒక్క ముక్కలో వచ్చింది: చెక్కిన పనివాడు సెత్తీమియో, స్థానికుడు. ఈ అంచు అలాంటి చేతికి తప్ప రాదు. సెత్తీమియో కూతురే అర్జియా.

బుధవారం మధ్యాహ్నం ఆమె అర్జియా వంటింటి తలుపు తట్టేసరికి, ముసలావిడ బల్ల పొడుగునా పిండి పరిచి అప్పడాల కర్ర కన్నా రెండింతలు పొడుగున్న కర్రతో సాగదీస్తోంది. పక్కన పళ్ళెంలో వెల్లుల్లి, జున్ను కలిపి మెత్తగా నలిపిన బంగాళాదుంప ముద్ద.

"చేతులు కడుక్కో," అంది తలెత్తకుండా. "ఊరికే నిలబడితే నాకు నచ్చదు."

లొరెదానా చేతులు కడుక్కుని వచ్చింది. అర్జియా పిండి పొర మీద ముద్దలు వరసగా పెట్టి, పొర మడిచి, చక్రంతో చతురస్రాలు కోస్తోంది. లొరెదానా పని ఒక్కొక్కదాని అంచూ ఫోర్కుతో నొక్కడం. నాలుగు నొక్కాక ఇక ఆగలేకపోయింది.

"పిన్నీ, పైకెక్కి చూశాను. మీ నాన్నే కదా?"

చక్రం ఆగి మళ్ళీ కదిలింది.

"గట్టిగా నొక్కు. ఉడికేటప్పుడు విచ్చుకుపోతాయి."

"తన చేత్తో చెక్కింది తన చేత్తోనే చెరిపేశాడు! ఎంత ధైర్యం పిన్నీ! రేపు సభలో చెప్తాను. ఊరందరికీ తెలియాలి. లోపల అన్నేళ్ళు దాచుకున్న తిరుగుబాటు ఒక్కసారి బయటపడి..."

"తిరుగుబాటా?" అర్జియా కర్ర పక్కన పెట్టింది. "మా నాన్న ఏ రోజూ ఎవరి మీదా తిరగబడలేదు. భయపడ్డాడు."

లొరెదానా ఫోర్కు బల్ల మీద పెట్టింది.

"చెక్కమన్నప్పుడు చెక్కాడు. పార్టీ కార్డు లేనివాడికి పని లేదు, తీసుకున్నాడు. ఎంత బాగా చెక్కాడంటే పక్క ఊళ్ళ నుంచి చూడ్డానికొచ్చారు. పేపర్లో ఫొటో పడింది, కార్యదర్శి పక్కన నిలబడి. మా అమ్మ అది కత్తిరించి గోడకి అంటించింది. తర్వాత కొండల మీంచి పార్టీకి ఎదురుతిరిగిన కుర్రాళ్ళు తుపాకులతో దిగారు చూడు, ఆ శరత్కాలం. రెండో రోజుకే జనన మరణాలు రాసే గుమస్తా ఏటి ఒడ్డున దొరికాడు, మొహం నీళ్ళల్లో పెట్టుకుని. మా అమ్మ గోడకున్న ఫొటో పొయ్యిలో పెట్టింది. మా నాన్న అన్నం మధ్యలో లేచి వెళ్ళి పరంజా కర్రలు మోసుకొచ్చాడు."

"ఎవరు చెయ్యమన్నారు?"

"ఎవరూ అనలేదు. ఊరి కొత్త కమిటీవాళ్ళు, ఊళ్ళోకొచ్చిన మిత్రపక్ష సైనికులు చేయమన్నారనుకున్నారు. సైనికులు కమిటీ చేయమందనుకున్నారు. ఎవరూ అడగలేదు. ఆయన మంచు పడేదాకా కొట్టాడు. నేను అన్నం పట్టుకెళ్ళేదాన్ని. కిందనించి పిలిస్తే ఉలిక్కిపడేవాడు. కూతురి గొంతు కూడా గుర్తుపట్టలేనంత భయం." ఆమె పిండి చేతుల్ని ఒకదాంతో ఒకటి రుద్దుకుంది. "అంత భయపడేవాడు అంచు ఎందుకు దిద్దాడో మాత్రం నాకిప్పటికీ తెలీదు. అంచుకే రెండు వారాలు పట్టింది. గబగబా కొట్టేసి దిగిపోవచ్చుగా. అడిగితే నా వైపు చూసి మళ్ళీ గోడ వైపు తిరిగాడు."

పొయ్యి మీద నీళ్ళు మరుగుతున్నాయి. లొరెదానా లేచి మంట తగ్గించింది.

"మీ అమ్మకి చెప్పాను. ఇప్పుడు నీకు చెప్పాను. ఇది రాసుకోవడానికి కాదే అమ్మాయ్. పిరికివాడని ఊళ్ళో అనుకుంటే నేను భరించలేను. గుంపు అన్నావు, కాదని దిద్దు. అంతే నాకు కావలసింది."

"ఎవరని అడుగుతారు పిన్నీ."

"అడగనీ," అంది అర్జియా. "చెప్పకు."

బయటికొచ్చాక లొరెదానా చాలాసేపు పిట్టగోడ దగ్గర నిలబడింది. తిరగబడ్డ శిల్పి కథ చెబితే రేపు సభ గెలిచినట్టే. స్పర్తాకో చప్పట్లు కొడతాడు, పత్రికలవాళ్ళొస్తారు, ఆ పలకల జోలికి రానియేరి మళ్ళీ వెళ్ళలేడు. కాకపోతే ఆ కథ అబద్ధం. నిజం చెబుదామంటే అది తనది కాదు. రెండూ నోట్లో పెట్టుకుని రేపు ఏం మాట్లాడాలో ఆమెకి తోచలేదు. తోచకుండానే ఇంటికెళ్ళింది.

గురువారం సాయంత్రం ఐదింటికి సభ. మామూలుగా కుక్కల పన్ను గురించో చెత్తబండి గురించో మాట్లాడుకునే సభకి నలుగురు కూడా రారు. ఇవాళ కుర్చీలు చాలక జనం గోడలకి ఆనుకుని నిలబడ్డారు. చివరి వరసలో అర్జియా, పొడుగు కోటు, ఒళ్ళో చేతిసంచి. ముందు వరసలో స్పర్తాకో, మెడలో ఎర్ర రుమాలు. ఆయన తండ్రి ఆ శరత్కాలంలో కొండలు దిగినవాళ్ళలో ఒకడు. కొడుక్కి రోమ్ మీద తిరగబడ్డ పాతకాలపు బానిస పేరు పెట్టడంలోనే ఆయన కొంత యుద్ధం చేసేశాడు.

రానియేరి అభిప్రాయం చదవబోయాడు. లొరెదానా లేచి నిలబడింది.

"అది చదవకండి. నా సంతకం నేను వెనక్కి తీసుకుంటున్నాను."

గుసగుసలు మొదలయ్యాయి. ఆమె గొంతు బడిలో పాఠం చెబుతున్నట్టు కుదురుకుంది. పైకెక్కి చూసిందంతా చెప్పింది. చుక్కల వరసలు, దించిన పలకలు, దిద్దిన అంచు. "గుంపు అని రాశాను. నా తప్పు. అది విధ్వంసం కాదు. ఒక పనివాడు శ్రద్ధగా చేసిన పని. భవనం ఒకసారి కట్టారు, ఇంకోసారి ఆ పలకల దగ్గర మళ్ళీ కట్టారు. ఆ రెండోదాన్ని పూడ్చేసి మొదటిదాన్ని తిరిగి తెస్తే మనం బాగుచేస్తున్నది ఏమీ ఉండదు."

"సరే, ఒక పనివాడు," అన్నాడు రానియేరి. "ఎవరతను?"

"చెప్పలేను."

"తెలీదా?"

"తెలుసు. చెప్పలేను."

రానియేరి కుర్చీలో వెనక్కి వాలాడు. "తెలుసు కానీ చెప్పదట. బడిలో నా పక్కన కూర్చున్నప్పుడు కూడా జవాబులు ఇలాగే దాచేది." జనం నవ్వారు. అతను మాత్రం నవ్వు ఆపి అన్నాడు, "లొరెదానా, ఆధారం చూపించలేని మాట పట్టుకుని సభ నడవదు. రేపు మ్యూజియం అప్పగించాలన్నా కాస్త నిలకడగల మనిషిని వెతుక్కోవాలి మేము."

ఎదురుచూసిందే, అయినా తగలవలసిన చోట తగిలింది. ఆ రెండు గదులు అలా జనంలో, ఒక్క మాటతో పోయాయి. ఆమె కూర్చోలేదు.

"ఆవిడ చెప్పకపోతే నేను చెప్తా!" అని స్పర్తాకో లేచాడు. "మా నాన్నావాళ్ళు! కొండ దిగిన రాత్రే! గొడ్డళ్ళు పట్టుకుని, పాటలు పాడుకుంటూ, ఆ మూడు మాటల్నీ ముక్కలు ముక్కలు..."

"గొడ్డళ్ళతోనా?"

గొంతు చివరి వరసలోంచి వచ్చింది. అర్జియా లేచి ముందున్న కుర్చీ వీపు పట్టుకుంది.

"కూర్చో స్పర్తాకో. మీ నాన్నకి గొడ్డలి ఏ వైపు పట్టుకోవాలో కూడా తెలీదు. కట్టెలు కూడా మీ అమ్మే కొట్టేది." ఎవరో కిసుక్కుమన్నారు. ఆమె వాళ్ళ వైపు చూడలేదు. "ఆ పలకలు మా నాన్న సెత్తీమియో దించాడు. ఒక్కడే. గొడ్డలితో కాదు. మీ నాన్న చేతిలో తుపాకి చూసి, భయపడి ఎక్కాడు ఆ పరంజా. ఏటి ఒడ్డున గుమస్తాని చూశాక, తర్వాత తనేనని."

స్పర్తాకో కూర్చున్నాడు. ఆయన చెయ్యి మెడలోని రుమాలు మీదికి వెళ్ళి అక్కడే ఉండిపోయింది.

లొరెదానా ఆ ముసలావిడని చూస్తోంది. చెప్పకు అన్న మనిషి. తను మాట నిలబెట్టుకుని అందరి ముందూ చులకనైనందుకో, తండ్రి నిటారుగా దిద్దిన అంచుని ఎవరో గొడ్డళ్ళ పాలు చేస్తుంటే వినలేకో, లేచింది. ఆమె బుగ్గలు ఎర్రగా ఉన్నాయి కానీ గొంతు వంటింట్లో మాట్లాడినట్టే ఉంది.

"దేశమంతా గెలుపు, మా ఇంట్లో భయం," అంది. "అదీ జరిగింది."

రానియేరికి ఊపిరాడినట్టయింది. మెత్తగా, "చాలా బాధగా ఉందమ్మా. అంటే ఆయన బలవంతం మీద చెరిపాడన్నమాట. అలాంటప్పుడు ఆయన మనస్ఫూర్తిగా చెక్కిన పని మళ్ళీ కనపడేలా చేస్తే ఆయనకే గౌరవం కదా?" అన్నాడు.

ఆ మాట గడుసుది. సభలో కొన్ని తలలు ఊగాయి కూడా.

అర్జియా అతని వైపు చాలాసేపు చూసింది. కోపంగా కాదు. చిన్నప్పటి నుంచి ఎరిగిన పిల్లాడిని చూసినట్టు.

"రానియేరి, మీ నాన్నా నేనూ ఒకటో తరగతి కలిసి చదివాం. ఆ చలికాలం బడి తెరిచినప్పుడు పిల్లలందరూ బట్టల మీద నల్ల గౌను తొడుక్కుని రావాలన్నారు. యుద్ధంలో గుడ్డెక్కడిది? మా బల్లలో మీ నాన్నదే మొదటి గౌను. మంచి ఉన్ని. బొత్తాలు కూడా తళతళ మెరిసేవి. గుండె మీద ఒక చోట నలుపు ఇంకాస్త నల్లగా ఉండేది, అక్కడున్నదేదో ఊడదీసినట్టు. మీ తాత చొక్కా అది. పార్టీ కవాతులో వేసుకునేది. మీ నానమ్మ రాత్రికి రాత్రి కత్తిరించింది. మా నాన్న ఉలి పట్టింది మర్నాడు."

ఆమె సభ అంతా ఒకసారి కలయజూసింది.

"తర్వాత వారం మా తరగతిలో సగం మందికి అలాంటి గౌనులే. ఎవరూ ఎవరినీ అడగలేదు. అంతమంది పిల్లలకి నల్లగుడ్డ ఎక్కణ్ణించి వచ్చిందో టీచరమ్మ కూడా అడగలేదు."

మందుల కొట్టాయన గొంతు సవరించుకున్నాడు. "మా ఇంట్లో మరియమాత పటం ఉంది," అన్నాడు ఎవరితోనూ కానట్టు. "అద్దం పగిలితే తీశాం ఒకసారి. వెనకవైపు ఇంకో మొహం ఉంది, రోమ్‌లో నాయకుడిది. మా తాత అట్ట కూడా వృథా చెయ్యలేదు." ఈసారి నవ్వు వేరేలా వచ్చింది, ఎవరి మీదా కాని నవ్వు. కిటికీ దగ్గరున్నావిడ తమ బావి శుభ్రం చేసినప్పుడు దొరికిన పార్టీ బిళ్ళల గురించి చెప్పింది. స్పర్తాకో తల వంచుకుని, "మా నాన్న కూడా," అని మొదలుపెట్టి ఆగిపోయాడు. ఎవరూ ఒత్తిడి చెయ్యలేదు.

రానియేరి ముందున్న కాయితాల్ని సర్దాడు, మళ్ళీ సర్దాడు.

"మా నాన్న ఎప్పుడూ చెప్పలేదు నాకు," అన్నాడు. అది మేయర్ గొంతు కాదు.

"వాడికి తెలీదు నాయనా," అంది అర్జియా. "వెచ్చగా ఉందని తొడుక్కున్నాడు."

అతను అభిప్రాయం రాసిన కాయితాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాడు. తర్వాత ఆ అంశం ఇవాళ్టి సభ నుంచి తీసేశానని, పరంజా వచ్చే వారం విప్పించేస్తానని చెప్పి, చెత్తబండి సంగతికి వెళ్ళిపోయాడు. మ్యూజియం మాట ఎత్తలేదు. ఎత్తుతాడని లొరెదానా అనుకోనూ లేదు.

బయట మెట్ల మీద అర్జియా ఒక్కో మెట్టూ ఆగి ఆగి దిగుతోంది. ఆ మెట్లు ఇప్పటికీ మామూలు మెట్ల కన్నా ఎత్తే. లొరెదానా చెయ్యి అందించింది. ముసలావిడ పట్టుకుంది, బరువు మొత్తం వేసి.

"పుస్తకంలో ఆ పేజీ మార్చి అచ్చు వేయిస్తాను పిన్నీ. గుంపు తీసేస్తాను. ఒక పనివాడు అని పెడతాను. అంతకు మించి రాయను."

"ఎందుకు రాయవు? ఊరంతా విన్నాక ఇంకెవరి దగ్గర దాస్తావ్?" అర్జియా కింది మెట్టు మీద ఆగి ఊపిరి తీసుకుంది. "సెత్తీమియో అని రాయి. ఇంటిపేరుతో సహా. రెండుసార్లు రాయి, చెక్కినప్పుడు ఒకసారి, చెరిపినప్పుడు ఒకసారి."

"భయపడ్డాడని?"

ముసలావిడ పట్టు లొరెదానా మోచేతి మీద బిగిసింది.

"భయపడ్డాడని ముందు రాయి," అంది. "అంచు సంగతి ఆ తర్వాత. లేకపోతే ఆ అంచు దిద్దడం ఎంత కష్టమో ఎవరికీ తెలీదు."